ఏలక్కాయ పై

ఆవు ఈనిన ఇంటినుంచి చెంబునిండా జున్నుపాలు వస్తే ఆ రోజు పండగే అని పెరిగినవాళ్లం మనమంతా. బోడిలో మా చుట్టుపక్కల తమిళవాళ్లు సీంపాలు అంటారు, మనకు జున్ను. మొదటి పూట పిండిన పాలు పచ్చగా, చిక్కగా ఉంటాయి. వాటిలో మామూలు పాలు కలపకపోతే జున్ను మరీ గట్టిపడి రబ్బరులాగా సాగుతుంది. బెల్లం తురిమి వేసి, నాలుగు మిరియాలు, ఒక ఏలక్కాయ దంచి వేసి, ఇడ్లీ కుండలో ఆవిరికి పెడితే అరగంటలో కత్తితో కోసే పదునుకు వస్తుంది. రెండోరోజు పాలు కొంచెం పలుచన. నాలుగోరోజుకి గడ్డ కట్టమన్నా కట్టవు. దూడకు రోగం రాకుండా కాపాడే మాంసకృత్తులు ఆ మొదటి పాలలో ఎక్కువగా ఉంటాయి, వేడి తగిలితే అవే గట్టిపడతాయి. గుడ్డు ఉడికితే గట్టిపడేదీ ఇదే లెక్క. ఈ సంగతి నాకు చెప్పింది మా పాప. ఇరవై ఏండ్లుగా జున్ను చేస్తున్నా నాకు ఎందుకు అని అడగాలని తోచలేదు.

ఇప్పుడు మా వీధిలో ఆవును కట్టిన ఇల్లు ఒక్కటీ లేదు. ఆవిన్ ప్యాకెట్టు పాలే. దేవారం, కోంబై వైపు బంధువులున్నారు, వాళ్లకు ఆవులూ ఉన్నాయి, కానీ ఈనిన పూటే పాలు పట్టుకొని బస్సెక్కేదెవరు? మా అత్తకు డెబ్బై ఆరేండ్లు. కింద నాలుగు పండ్లు, పైన రెండు. జున్ను, జున్ను అని ఐదారేండ్లుగా అడుగుతానే ఉంది.

2023లో వానలు మొదలైన కొత్తలో పాప శనివారం ఇంటికి వచ్చింది. మదురైలో కేటరింగు చదువు, అప్పుడు రెండో సంవత్సరం. ప్రాక్టికల్ పరీక్షకు పన్నెండు వంటల పట్టీ ఇచ్చినారంట. చీటీ తీస్తే ఏది వస్తే అది చేయాలి. అన్నిటికన్నా భయపెట్టేది ఏదమ్మా అని అడిగితే, "పై" అన్నది.

"ఏ పైన?" అన్నది మా అత్త.

"పైన కాదు అవ్వా, దాని పేరే పై. మైదాతో తట్ట మాదిరి చేసి కాల్చి, అందులో పాలూ గుడ్డూ ఉడికించి మసాలా వేసి పోసి, దాని మీద గుడ్డు తెల్లసొన నురగ కట్టించి మళ్లీ కాల్చాల."

"పాలూ గుడ్డూ ఉడికిస్తే జున్ను కదా. దానికి తట్ట ఎందుకు, టోపీ ఎందుకు?"

ఇంగ్లీషువాళ్ల దేశంలో కొన్ని వందల ఏండ్లుగా ఇటువంటివి చేస్తున్నారంట. జాజికాయ గీరి వేయడం వాళ్ల వాడుక. మేము మాత్రం ఆ రోజునుంచి దాన్ని టోపీ జున్ను అనే పిలుస్తున్నాము.

ఇక్కడ కొంచెం మా ఇంటి సంగతి చెప్పాలి. లేకపోతే ఒక తిండి వస్తువు గురించి ఇంత రాయడమెందుకు అని మీకు అనిపిస్తుంది. నేను మిల్లులో కోన్ వైండింగులో ఇరవై రెండేండ్లుగా ఉన్నాను. మా ఇంటాయన అదే మిల్లులో బ్లోరూము. మా పాప ప్లస్ టూ ముగించిన ఎండాకాలంలో కంబంలో ఉండే మా అన్న వచ్చినాడు. ఆయనకు అక్కడ మళిగై అంగడి. కొడుకు బి.కాం చదివి అంగట్లో కూర్చుంటాడు, మంచి పిల్లోడు, చెడ్డ అలవాటు ఒకటీ లేదు. మేనరికం. మన జనంలో అడగకుండానే ఇచ్చే సంబంధం అది. "తై నెలలో ముగించేద్దాం" అన్నాడు అన్న.

పాప చదువుతాను అన్నది. అదీ వంట చదువు. ఆ మాట విన్నాక మా వీధిలో నవ్వనివాళ్లు లేరు. ఆడపిల్ల వంట నేర్చుకోవడానికి డబ్బు కట్టేదేమిటి అని. నేను మిల్లులో చూసినంత చూశాను. సుమంగళి తిట్టం అని పేరు పెట్టి, మూడేండ్లు హాస్టల్లో ఉండి పనిచేస్తే చివర్లో పెళ్లికి మొత్తంగా డబ్బిస్తామని చెప్పి, కోయంబత్తూరు, తిరుప్పూరు, దిండుక్కల్లు వైపు ఎన్ని మిల్లులకు ఎంతమంది చిన్నపిల్లలను తీసుకుపోయినారో మీకూ తెలుసు. పెళ్లి అనే ఒక్క మాట చూపించి మూడేండ్ల బతుకు తీసుకున్నారు. అందులో ముగ్గురు నా పక్క మెషిన్లకు వచ్చినవాళ్లే. చివరి దాకా నిలిచింది ఒకతే.

మాకు డబ్బు అంటే పి.ఎఫ్ ఒక్కటే. అప్పటి రూలు ప్రకారం ఏడేండ్లు సర్వీసు ఉంటే మన వంతు కట్టిన దాంట్లో సగం దాకా తీసుకోవచ్చు. బిడ్డ పెళ్లికైనా, పదో తరగతి దాటిన చదువుకైనా. ఫారం ఒకటే, 31వ నంబరు. ఏ కారణానికి అనేది రాయాలి. మా ఇంటాయన ఫారం తెచ్చి రెండు రోజులు టీవీ మీద పెట్టినాడు. మూడోరోజు రాత్రి షిఫ్టు నుంచి వచ్చి, చేయి కూడా కడగకుండా, చదువు అని రాసేసినాడు. నాతో ఒక మాట అనలేదు. అన్నకు చెప్పే పని నాకు వదిలినాడు.

అందుకని పాప ఆ పన్నెండు వంటల్లో ఒకటి తప్పినా మాకు అది ఒట్టి వంట కాదు.

ఇంట్లో ఓవెన్ లేదు. కుక్కరులో ఉప్పు పోసి కేకు చేసేవాళ్లున్నారు, కానీ నురగకు పైనుంచి వేడి రావాలి, కుక్కరులో అది జరగదు. తేనిలో పాత సామాన్ల అంగట్లో 28 లీటర్ల ఓవెన్ ఒకటి 2800కి దొరికింది. తలుపు స్ప్రింగు వదులు. సిమెంటు ఇటుక ఒకటి ఆనించి మూస్తాము. గంటకు ఒకటిన్నర యూనిట్టు లాగుతుంది. అప్పట్లో రెండు నెలలకు వంద యూనిట్లు ఉచితం, అది దాటకూడదని మా ఇంటాయన మీటరు దగ్గరకు పోయి పోయి చూసేవాడు.

తట్ట విషయం త్వరగా చెప్పేస్తాను, అది సుళువు. రెండు వందల గ్రాముల మైదా, వంద గ్రాముల చల్లటి వెన్న, ఒక చిటికె ఉప్పు. వేళ్ల కొనలతో రవ్వ మాదిరి కలిపి, మూడు నాలుగు చెంచాల చన్నీళ్లు చల్లి ముద్ద చేయాలి. పరోటా పిండి మాదిరి పిసికితే చెడిపోతుంది, ఎంత తక్కువ తాకితే అంత మంచిది. అరగంట చల్లగా పెట్టి, చపాతీ కన్నా కొంచెం మందంగా వత్తి, తట్టలో పరిచి, ఫోర్కుతో పొడిచి, మీద కాగితం వేసి ఎండు మొచ్చగింజలు నింపాలి. ఆ బరువు లేకపోతే అడుగు పూరీలాగా లేస్తుంది. 190 డిగ్రీల్లో పదిహేను నిమిషాలు గింజలతో, పది నిమిషాలు గింజలు తీసేసి. ఆ గింజలు మళ్లీ మళ్లీ వాడుకోవచ్చు, కానీ కూరకు పనికిరావు. మా అత్త ఒకసారి వాటిని నానబెట్టింది. మూడు రోజులైనా నానలేదు.

ఇక ఏలక్కాయ. బోడిలో ఉండి దీని గురించి తక్కువ చెప్పకూడదు.

మా అత్త నలభై ఏండ్లు ఏలక్కాయ ఏరిన మనిషి. కొండమీద తోటల్లో కోసిన పచ్చికాయ ఐదు కిలోలు ఎండితే సుమారు ఒక కిలో అవుతుంది. అది మూటలుగా మెట్టు దిగి బోడికి వస్తుంది. జల్లెడ్లలో వేసి పరిమాణం ప్రకారం వేరు చేస్తారు. 8 మిల్లీమీటర్లు దాటింది మొదటి రకం. ఆ తర్వాత చేతిపని. పచ్చరంగు ఒక పక్క, తెల్లబారింది ఒక పక్క, పగిలింది, పురుగు తిన్నది, లోపల గింజ లేనిది వేరువేరుగా. కింద కూర్చొని, ముందర చేట, పొద్దున్నించి సాయంత్రం దాకా. పని ముగిసి బయటికి వచ్చేటప్పుడు పైట దులిపి చూపించాలి. ఒక్క కాయ ఇంటికి రాకూడదు. వాసన మాత్రం వచ్చేది. నేను కొత్తకోడలుగా వచ్చినప్పుడు ఆమె చెయ్యి కడిగినా, కూరలు తరిగినా ఆ వాసన పోయేది కాదు. ఇంట్లో పాయసానికి మాత్రం కాయ తొక్కలే. గింజ తీసేసిన తొక్కలు తక్కువ రేటుకు అమ్ముతారు, అవే ఆమె కొనుక్కొచ్చేది.

2019 ఆగస్టులో కొండమీద పుట్టడి వేలంలో కిలో 7000 రూపాయలు పలికింది. అంతకు ముందు ఎప్పుడూ అంత రేటు లేదు. 2018లో కేరళలో వచ్చిన వరదలకు తోటలు పోయినాయి, ఆ తర్వాతి ఏడు వానలు సరిగా రాలేదు, అందుకే. బోడి అంతా అదే మాట. మా అత్త ఆ వారం కూడా పనికి పోయింది, అదే కూలీ తీసుకొని వచ్చింది. గ్వాటెమాలా అని అమెరికా ఖండంలో ఒక దేశం ఉంది, అక్కడ మనకన్నా ఎక్కువ పండిస్తారు. అరబ్బు దేశాలవాళ్లు కాఫీలో వేసుకొని తాగుతారు. ఆ సంగతులన్నీ ఆమెకు తెలుసు, వేలం నడిపేవాళ్లకన్నా బాగా చెప్పగలదు. కాటరాక్టు ఆపరేషన్ అయినాక పని వదిలేసింది.

పాప పుస్తకంలో జాజికాయ అని ఉంది. "మా ఊరి పేరు చెప్పుకొని జాజికాయ వేస్తే ఎట్లమ్మా" అని పాపే ఏలక్కాయ వేస్తానన్నది. అంగట్లో పది గ్రాములు తెచ్చినాను. అత్త చేయి చాపింది. కంటికి దగ్గరగా పెట్టుకోలేదు. బొటనవేలికీ చూపుడు వేలికీ నడుమ ఒక్కొక్కటే దొర్లించి, ఆరు కాయలు తీసి పక్కన పెట్టింది. "ఇవి ఎనిమిది. తక్కినవి ఏడు, ఏడున్నర. ఎనిమిది రేటుకు ఏడు ఇచ్చినాడు నీకు." పాప స్కేలు తెచ్చి కొలిచి చూసింది. ఆరూ ఎనిమిదే.

"ఆరూ వేసేదానా?" అని అడిగింది అత్త. ఆమె పాయసంలో ఎన్నడూ ఒకటికి మించి వేయలేదు. "ఆరూ అవ్వా." ఆమె ఏమీ అనలేదు. రోలు దగ్గరకు తానే జరిగింది. ఆరు కాయల గింజలు, నాలుగు మిరియాలు, వేలి కొనంత శొంఠి. మిరియాలు పుస్తకంలో లేవు, జున్నులోనుంచి వచ్చినాయి.

లోపలి పాకానికి అరలీటరు పాలు, మూడు గుడ్ల పచ్చసొనలు, రెండున్నర పెద్ద చెంచాల కార్న్‌ఫ్లోర్, వంద గ్రాముల బెల్లం. మరుగుతున్న పాలల్లో బెల్లం వేస్తే విరిగిపోతుందని మనకు తెలియందా, పాయసానికి చేసే మాదిరి బెల్లాన్ని వేరుగా పాకం పట్టి వడగట్టి ఆరబెట్టుకొని, పాలకుండ పొయ్యి దించినాక కలపాలి. పచ్చసొనలో కొంచెం చల్లటి పాలు, పిండి కలిపి, వేడి పాలు కొంచెం కొంచెంగా పోసి తిప్పి, మళ్లీ పొయ్యి మీదికి. ఇక్కడ ఒక సంగతి. చిక్కబడింది కదా అని దించేయకూడదు. బుడగలు వచ్చి ఒక నిమిషం బాగా మరగాలి. పచ్చసొనలో పిండిని కరిగించే గుణమున్న పదార్థమొకటి ఉంది. అది మరుగుకు చచ్చిపోకపోతే, అప్పుడు గట్టిగా ఉన్నది రాత్రికి నీళ్లయిపోతుంది. దోసపిండి పొద్దునకు పలుచబడినట్టు. ఇది తెలియక పిండి మీద పిండి వేసేవాళ్లు ఎంతమందో.

నురగ దగ్గరికి వచ్చినాము. తూత్తుకుడి మకరూన్ మీరు తినే ఉంటారు, గోపురం మాదిరి, నోట్లో పెట్టుకుంటే కరిగిపోతుంది. అది తెల్లసొన, చక్కెర, జీడిపప్పు, అంతే. పోర్చుగీసువాళ్ల రేవు కాబట్టి ఆ వంట అక్కడికి వచ్చింది అంటారు, జీడిమామిడిని బ్రెజిల్ నుంచి మన దేశానికి తెచ్చిందీ వాళ్లే. తిరుచెందూరు పోయి వచ్చేటప్పుడు మన జనం పావుకిలో పొట్లం కట్టించుకోకుండా రారు. పాప కాలేజీలో దీన్ని మెరాంగ్ అంటారంట. మకరూనుకు అది చెల్లెలు. జీడిపప్పు ఉండదు, పైపైన మాత్రమే కాలుతుంది, లోపల దూదిలాగా మెత్తగా ఉండాలి.

మూడు గుడ్ల తెల్లసొన, 120 గ్రాముల పొడి చక్కెర, అరచెంచా నిమ్మరసం. నామక్కల్ గుడ్డయినా నాటుకోడి గుడ్డయినా ఒకటే. చల్లగా ఉన్నప్పుడు పగలగొడితే పచ్చసొన చెదరదు, బయటి వేడికి వచ్చినాక గిలకొడితే నురగ ఎక్కువ వస్తుంది. గిన్నెకు నూనె జిడ్డు ఇంత కూడా ఉండకూడదు, ప్లాస్టిక్ గిన్నె అసలు వద్దు, పచ్చసొన చుక్క పడినా నురగ లేవదు. ముందు ఉత్తగా కొట్టి, తెల్లగా పొంగినాక చక్కెర చెంచా చెంచాగా వేయాలి. గిన్నె తిరగేసినా జారకపోతే అయినట్టు. తట్టలో పోసిన పాకం వేడిగా ఉండగానే నురగ పరిచేయాలి. అంచును తట్ట అంచుకు అంటించాలి, లేకపోతే కాలేటప్పుడు ముడుచుకొని నడుమకు వచ్చేస్తుంది. 175లో పదిహేను నిమిషాలు. కొండలమీద ఎండపడినట్టు కొనలు ఎర్రబడతాయి.

మొదటి శనివారం చేసినప్పుడు బయట వాన. అప్పుడు బాగానే వచ్చింది, ఫోటో తీసినాము. రెండు గంటలయ్యేసరికి నురగ చెమట పట్టింది. పైన తేనె చుక్కల మాదిరి బొట్లు, ముట్టుకుంటే జిగురు, కోసి చూస్తే అడుగున నీళ్లు. రెండో శనివారమూ అంతే. పాప ఏడ్చింది. పరీక్షలో పై చేసి పెట్టి, చూసేవాళ్లు వచ్చేదాకా గంటకు పైగా ఆగాలంట.

మూడో వారం నేను మధ్యాహ్నం షిఫ్టులో ఉండగా తట్టింది. వైండింగులో మా మెషిన్ల వరస చివర రెండు థర్మామీటర్ల బోర్డు ఉంటుంది, ఒకదానికి తడిగుడ్డ చుట్టి. రెంటికీ ఉన్న తేడా చూసి గాలిలో తేమ ఎంతో చెబుతారు. రింగ్ ఫ్రేములో 55 నుంచి 60, మాకు 60 నుంచి 65. గాలి ఆరిపోతే నూలు తెగుతుంది, పీచు ఎగిరి ముక్కుల్లోకి పోతుంది. తేమ ఎక్కువైతే రోలర్లకు చుట్టుకుంటుంది. పత్తి గాలిలోని నీళ్లు తాగుతుంది అని మా మేస్త్రీ చెప్పేవాడు. చక్కెర కూడా తాగుతుంది కదా! పొట్లం విప్పి పెట్టిన చక్కెర వానాకాలంలో ఏమవుతుందో ఎవరికి తెలియదు. మరి ఉత్త చక్కెర నురగ ఏమి కావాల?

ఆదివారం పాపకు చెప్పినాను. ఆమె తన పుస్తకం తీసింది. రెండూ కలిపి చూసినాము. పైన బొట్లు వచ్చింది మంట ఎక్కువైనందుకు, అడుగున నీళ్లు వచ్చింది కింద పచ్చిగా ఉండిపోయినందుకు, జిగురు వచ్చింది గాలి తేమకు. మూడూ వేరువేరు జబ్బులు. మంటకు ఓవెన్ తలుపు ఇటుక సరిచేసినాము. పచ్చికి, పాకం పొయ్యి దించిన రెండు నిమిషాల్లోనే నురగ వేసినాము. తేమకు మాత్రం మనం చేసేదేమీ లేదు, మిల్లులో మాదిరి గాలిని మార్చే ప్లాంటు ఇంట్లో ఉండదు. కాలినాక ఓవెన్ ఆపి, తలుపు ఒక వేలంత తెరిచి, లోపలే ఆరనిచ్చినాము. ఆ రోజు నాలుగు గంటలు నిలిచింది. అన్నీ పుస్తకంలో ఉండేవే, కానీ పుస్తకం రాసినవాళ్లు ఐప్పశి వానల్లో బోడిలో నురగ కొట్టలేదు.

ఆ ఆదివారమే మా అన్న, వదిన వచ్చినారు. చెప్పి రాలేదు. వదిన చీర చూస్తేనే మాటకు వచ్చినారని తెలిసింది. పిల్లోడికి ఇరవై ఆరు నడుస్తుంది, ఇంక ఎన్ని నాళ్లు ఆపాల అని మొదలుపెట్టినాడు అన్న. ఆయన అడిగేదాంట్లో తప్పు లేదు. బల్లమీద పై ఉంది. చూసినాడు.

"గుడ్లు కొట్టడానికి మూడేండ్లు చదవాలనా?"

పాప బదులు చెప్పకుండా కత్తి నీళ్లలో ముంచి ఎనిమిది ముక్కలు కోసింది. తడి కత్తి అయితే నురగ అంటుకోదు. అన్న ముక్క తిన్నాడు. అంగడి మనిషి కదా, రెండో ముద్దకే "దీనికి ఎంతయింది?" అని అడిగినాడు. వెన్న, పాలు, గుడ్లు, బెల్లం, ఏలక్కాయ, కరెంటు అన్నీ కలిపి నూట ఎనభై అని పాప ఒక్కొక్కటిగా చెప్పింది. మదురైలో పెద్ద హోటల్లో ఇట్లాంటి ముక్క ఒకటి నూటయాభై అని కూడా చెప్పింది. అన్న వేళ్లమీద లెక్క వేసినాడు. ఎనిమిది ముక్కలు, పన్నెండు వందలు.

"మరి చేసే పిల్లకు జీతమెంత?"

"ట్రైనింగులో తొమ్మిది వేలు, మామా."

"అంతేనా!" అన్నాడు. ఆ మాట నిజమే. మిల్లులో దాని కన్నా ఎక్కువ తెచ్చుకునేవాళ్లున్నారు. నాకు నోట మాట రాలేదు.

మా అత్త గోడకు ఆనుకొని, నురగ పక్కకు తోసేసి, అడుగున ఉన్న జున్ను మాత్రం చెంచాతో తింటూ ఉంది. తల ఎత్తకుండానే అన్నది: "నలభై ఏండ్లు ఏలక్కాయ ఏరితిని నాయనా. కిలో రేటు నోటికి వచ్చు, ఎవడు ఎంతకు కొన్నాడో వచ్చు. నన్ను ఒకడూ వేలంలో కూర్చోమనలేదు. ఆ పిల్ల ముక్క రేటు చెప్తా ఉండాది, చూడు."

అన్న నవ్వినాడో లేదో చెప్పలేను. చదువు ముగించుకోనీ, తర్వాత చూద్దాం అని లేచినాడు. వదిన మాత్రం వాకిట్లో చెప్పులు వేసుకుంటూ, గుడ్డు లేకుండా ఇది చేయవచ్చునా అని అడిగింది. శనివారం వాళ్లింట్లో గుడ్డు ముట్టరు. జున్నుపాలు దొరికితే చేయవచ్చు, టోపీ మాత్రం ఉండదు అని పాప చెప్పింది.

ఆ ఏడు అన్న ఇంటినుంచి పొంగల్ సీరు రావడం రెండు రోజులు ఆలస్యమైంది. చెరకు లేదు. వచ్చింది కదా అని మా ఇంటాయన అన్నాడు. అక్కడితో ఆ మాట వదిలేసినాము.

పరీక్షలో పాపకు పై చీటీ రాలేదు. బ్రెడ్డు రోల్సు వచ్చింది. మూడు వారాలు మేము తిన్న పైలు లెక్క వేస్తే నవ్వొస్తుంది. బ్రెడ్డు బాగా చేసిందంట, పాసయింది. చదువు ముగిసినాక మున్నారులో ఒక హోటల్లో ట్రైనింగుకు తీసుకున్నారు. మా అత్త పడుచుదనంలో తోటపనికి ఎక్కిన బోడిమెట్టు దారే, అవే పదిహేడు వంపులు. ఇప్పుడు కూడా పొద్దున్నే మన ఆడవాళ్లు జీపుల్లో కిక్కిరిసి ఆ దారినే పనికి పోతారు. మొదటిరోజు పాప ఎక్కింది అట్లాంటి జీపే, బస్సు తప్పిపోయింది.

ఓవెన్ ఇంట్లోనే ఉంది. తై నెల పుట్టి వానలు పోయినాక, గాలి ఆరినప్పుడు, నేను ఒకటి రెండు చేస్తున్నాను. మా లైనులో క్రిస్మస్‌కు రెండు ఇండ్లవాళ్లు అడిగి తీసుకున్నారు, రెండు వందల యాభై ఇచ్చినారు. అంతకన్నా ఎక్కువ అడగాలని మా ఇంటాయన అంటాడు. చూడాలి.

పోయిన నెల పాప ఫోనులో మాట్లాడుతూ, అక్కడ తీపి వంటలకు ఏలక్కాయ సీసా ఎసెన్సు వేస్తారని చెప్పింది. ఏలక్కాయ తోటల నడుమ ఉన్న హోటలు! మా అత్త ఫోను నా చేతికి ఇచ్చేసి, మరుసటిరోజు పొద్దున్నే అంగడికి పోయింది. ముదియోర్ పెన్షన్ వస్తుంది ఆమెకు. యాభై గ్రాములు కొని, వాకిట్లో చేట పెట్టుకొని కూర్చుంది. ఏడు, ఏడున్నర ఒక పక్కకు తీసి వాటిని అంగడివాడికే తిరిగి ఇచ్చి మార్చుకొని వచ్చింది. అన్నీ ఎనిమిదే అయినాక పాత జాకెట్టు గుడ్డలో మూట కట్టి, తోటకు పోయే జీపు డ్రైవరు చేతికి ఇచ్చి, పాప హోటలు పేరు మూడుసార్లు చెప్పించుకుంది.